వ్యాపారం ఆపుతామంటే పెద్ద దేశాలు మారతాయా? ఒక ఎగుమతి గుమస్తా జవాబు

మీ ప్రశ్న నాకు అర్థమైనట్టు ముందు రాస్తాను. అమెరికా, యూరప్ దేశాలు చైనాను మానవ హక్కుల మీద తిడుతూనే ఉంటాయి, సరుకు మాత్రం దించుకుంటూనే ఉంటాయి. ఇదంతా పైపై నాటకమేనా? వ్యాపారం అడ్డం పెట్టుకుని ఒక పెద్ద దేశం చేత ఏదైనా చేయించగలిగారా? ఇండియా ఎందుకు నోరు విప్పదు? గ్రూప్-1 మెయిన్స్‌కి కావాలన్నారు కాబట్టి తేదీలు, అంకెలతోనే చెబుతాను.

నేను ప్రొఫెసర్ని కాను, విదేశాంగ శాఖలో చేసినవాణ్నీ కాను. గుంటూరు చుట్టుపక్కల స్పిన్నింగ్ మిల్లుల్లో ఎగుమతి కాగితాలు చూసే పని 27 ఏళ్లు చేశాను. ఇన్వాయిస్, ప్యాకింగ్ లిస్టు, బిల్ ఆఫ్ లేడింగ్, సర్టిఫికెట్ ఆఫ్ ఆరిజిన్... వీటి మధ్యే జుట్టు నెరిసింది. మానవ హక్కులు నా టేబుల్ మీదకి వస్తాయని 2022 దాకా నేనూ అనుకోలేదు. వచ్చాక, ఎందుకొచ్చాయో తెలుసుకుందామని పాత కథంతా తవ్వి చదివాను.

నా అభిప్రాయం ముందే చెప్పేస్తాను. ఇది నాటకం అని కొట్టిపారేయలేం. ఇది బేరం. ఈ బేరంలో అప్పుడప్పుడూ మనుషులు దొరుకుతారు: ఒక ఖైదీ విడుదల, కొన్ని వేల మందికి దేశం దాటే అనుమతి. ఇంతవరకు ఏ పెద్ద దేశపు ప్రభుత్వ తీరూ ఈ బేరంలో మారినట్టు నాకు కనబడలేదు. పైగా ఆ మనుషులు కూడా బెదిరింపు గాలిలో ఉన్నంతసేపే దొరుకుతారు. బెదిరింపు కాస్తా చట్టమైపోయాక చేతిలో ఏమీ మిగలదు.

దీనికి మొదటి ఉదాహరణ సోవియట్ యూనియన్. 1972 ఆగస్టులో మాస్కో ఒక పన్ను పెట్టింది. దేశం వదిలిపోయే చదువుకున్నవాళ్లు తమ చదువుకైన ఖర్చు ప్రభుత్వానికి తిరిగి కట్టాలి. జనం దాన్ని డిప్లొమా పన్ను అన్నారు. దెబ్బ ఎక్కువగా ఇజ్రాయెల్ వెళ్లాలనుకున్న యూదులకు తగిలింది. అమెరికాలో సెనేటర్ హెన్రీ జాక్సన్, దిగువ సభలో చార్లెస్ వానిక్ కలిసి, పౌరులను వలస వెళ్లనివ్వని కమ్యూనిస్టు దేశాలకు మామూలు సుంకాల సదుపాయం ఇవ్వకూడదని సవరణ తెచ్చారు. ఆ సవరణ మీద ఇంకా చర్చ నడుస్తుండగానే, 1973లో, సోవియట్ నేత బ్రెజ్నెవ్ ఆ పన్ను వసూలు ఆపించాడు. ఆ ఏడాది దాదాపు 35 వేల మంది యూదులు బయటపడ్డారు. 1975 జనవరి 3న అధ్యక్షుడు ఫోర్డ్ చట్టం మీద సంతకం పెట్టాడు. సోవియట్లకు ఒళ్లు మండి, 1972లో కుదిరిన వాణిజ్య ఒప్పందమే వద్దన్నారు. 1975లో బయటపడినవాళ్లు 13 వేలు. అమెరికాతో ఆయుధాల ఒప్పందం, వ్యాపారం మీద మళ్లీ ఆశ పుట్టిన 1979లో 51 వేలు. అఫ్గానిస్థాన్ యుద్ధం తర్వాత, 1980ల మధ్యలో ఏడాదికి వెయ్యి దాటడమే గగనమైంది. మాస్కో ఆ సంఖ్యను కుళాయిలా తిప్పింది.

ఆ మామూలు సుంకాల సదుపాయానికి చాలామంది తికమక పడే పేరు ఒకటుంది: అత్యంత అనుకూల దేశం హోదా. 2019లో పుల్వామా తర్వాత పాకిస్థాన్‌కు మనం తీసేసింది ఇదే. పేరు వింటే అల్లుడి మర్యాదేమో అనిపిస్తుంది. నిజానికి బంతిలో అందరితో పాటు ఒక విస్తరి వేయడమే. ఆ విస్తరి లేని దేశపు సరుకు మీద అమెరికాలో 1930 నాటి సుంకాలు పడతాయి. బొమ్మల మీద 70 శాతం. అంటే వ్యాపారం మూసుకున్నట్టే. పేరు చూసి జనం అపార్థం చేసుకుంటున్నారని 1998లో అమెరికావాళ్లే దాన్ని 'సాధారణ వాణిజ్య సంబంధాలు' అని మార్చుకున్నారు.

చైనాకు ఈ హోదా 1980లో దొరికింది. కమ్యూనిస్టు దేశం కాబట్టి జాక్సన్-వానిక్ కింద ఏటా అధ్యక్షుడు మినహాయింపు పొడిగించాలి. 1979 జనవరిలో చైనా నేత డెంగ్ షియావోపింగ్ వాషింగ్టన్ వచ్చినప్పుడు అధ్యక్షుడు కార్టర్ ఈ వలసల సంగతి ఎత్తాడట. ఎంతమందిని పంపమంటారు, కోటి మంది చాలా అని డెంగ్ అడిగాడని కార్టరే తర్వాత చెప్పుకున్నాడు. ఆ తర్వాత పదేళ్లు ఎవరూ ఈ ఫైలు జోలికి పోలేదు.

1989 జూన్ 4న బీజింగ్‌లో ప్రజాస్వామ్యం అడిగినవాళ్ల మీద సైన్యం కాల్పులు జరిపింది. ఆ తియానన్మెన్ ఘటన తర్వాత ఆ ఏటేటా పొడిగింపు ఒక్కసారిగా పెద్ద గొడవైపోయింది. అప్పటి అధ్యక్షుడు పెద్ద బుష్ పైకి ఆయుధాల అమ్మకం ఆపాడు. నెల తిరిగేసరికి తన భద్రతా సలహాదారు బ్రెంట్ స్కోక్రాఫ్ట్‌ను రహస్యంగా బీజింగ్ పంపాడు. హోదాకు షరతులు పెట్టాలని అమెరికా కాంగ్రెస్ 1992లో రెండుసార్లు బిల్లు పంపితే రెండుసార్లూ వీటో చేశాడు. అదే ఏడాది ఎన్నికల్లో క్లింటన్ దీన్నే పట్టుకున్నాడు. బాగ్దాద్ అయినా బీజింగ్ అయినా నియంతలను ముద్దు చేయనని ఊరూరా చెప్పాడు. గెలిచాక ఆ మాట మీద ఏదో ఒకటి చేయక తప్పలేదు.

1993 మే 28న క్లింటన్ ఒక ఉత్తర్వు ఇచ్చాడు. హోదా ఈ ఏడాదికి ఇస్తున్నాం, 1994లో మళ్లీ కావాలంటే షరతులు తీర్చాలి. రెండు తప్పనిసరి: వలసకు అడ్డుపడకూడదు, జైలు ఖైదీలతో చేయించిన సరుకు అమెరికాకు పంపకూడదు. మిగతా ఐదింటిలో 'మొత్తం మీద గణనీయమైన పురోగతి' కనిపించాలి: సార్వత్రిక మానవ హక్కుల ప్రకటనను పాటించడం, రాజకీయ ఖైదీలను విడుదల చేసి వాళ్ల లెక్క చెప్పడం, ఖైదీలను మనుషుల్లా చూడటం, టిబెట్ మతాన్ని సంస్కృతిని కాపాడటం, విదేశీ రేడియో టీవీ ప్రసారాలను రానివ్వడం.

కాగితాలు చూసేవాడికి తేదీలు పక్కపక్కన పెట్టుకుని చదవడం అలవాటు. ఇప్పుడు చెప్పే తేదీలను మీరూ అలాగే చదవండి.

వెయ్ జింగ్‌షెంగ్ అని ఒకాయన. బీజింగ్ జూలో ఎలక్ట్రీషియన్. 1978 డిసెంబర్లో, ప్రజాస్వామ్యం లేకుండా మిగతా ఆధునికీకరణలు ఎన్ని చేసినా దండగ అని గోడ మీద పోస్టర్ అంటించాడు. 1979 మార్చిలో పట్టుకెళ్లారు. 15 ఏళ్ల శిక్ష. అది పూర్తి కావడానికి ఇంకో ఆరు నెలలు ఉండగా 1993 సెప్టెంబర్ 14న వదిలిపెట్టారు. ఎందుకు ఆ రోజే? సెప్టెంబర్ 23న 2000 ఒలింపిక్స్ ఏ ఊరికివ్వాలో మాంటే కార్లోలో ఓటింగ్. బీజింగ్ రెండు ఓట్ల తేడాతో, 43-45తో, సిడ్నీ చేతిలో ఓడింది.

1994 ఫిబ్రవరి 27న అమెరికా విదేశాంగ శాఖలో మానవ హక్కులు చూసే జాన్ షాటక్ బీజింగ్‌లో ఇదే వెయ్‌ను కలిశాడు. చైనావాళ్లకు తిక్క రేగింది. మార్చి 11న విదేశాంగ మంత్రి వారెన్ క్రిస్టొఫర్ బీజింగ్‌లో దిగే ముందే అసమ్మతివాదులను వరసగా పట్టుకెళ్లారు. వచ్చిన అతిథి ముందే, ఆయన ఏం అడగడానికి వచ్చాడో దానికి సరిగ్గా ఎదురు పని. ప్రధాని లీ పెంగ్, మానవ హక్కుల మీద అమెరికా చెప్పేది చైనా ఎప్పటికీ ఒప్పుకోదని మొహం మీదే చెప్పాడు. ఇంతకన్నా నన్ను ఆశ్చర్యపరిచింది ఇంకొకటి. అదే పర్యటనలో క్రిస్టొఫర్ బీజింగ్‌లోని అమెరికన్ వాణిజ్య మండలి సమావేశానికి వెళ్తే, అక్కడ తన దేశపు కంపెనీలవాళ్లే ఆయనకు బహిరంగంగా క్లాసు పీకారు. మీ షరతుల వల్ల మా ఆర్డర్లు జపాన్‌వాళ్లకీ జర్మన్లకీ పోతున్నాయి అని. బయట చైనా ప్రధాని, లోపల సొంత వ్యాపారులు. ఆయన పరిస్థితి అడకత్తెరలో పోకచెక్క.

ఏప్రిల్ 1న వెయ్‌ను మళ్లీ ఎత్తుకెళ్లారు. మరో పక్క, ఏప్రిల్ చివర్లో వాంగ్ జున్‌తావ్‌ను, మేలో చెన్ జిమింగ్‌ను వైద్యం పేరుతో వదిలారు. ఇద్దరూ తియానన్మెన్ కేసులో 13 ఏళ్ల శిక్షలు పడినవాళ్లే. గడువు దగ్గర పడుతుంటే ఇద్దరిని చేతిలో పెట్టి, ఒకణ్ని మాత్రం గుప్పిట్లో ఉంచుకున్నారు.

మే 26న క్లింటన్ టీవీలో చెప్పాడు: తప్పనిసరి షరతులు రెండూ తీరాయి, మిగతావాటిలో గణనీయమైన పురోగతి లేదు, అయినా హోదా కొనసాగిస్తున్నాం, ఇకమీదట వ్యాపారానికీ మానవ హక్కులకూ ముడి పెట్టం. శిక్ష వేసినట్టు కనబడాలి కదా, చైనా తుపాకులు, తూటాల దిగుమతి మాత్రం నిషేధించాడు. ఆగస్టులో వాణిజ్య మంత్రి రాన్ బ్రౌన్ కంపెనీల అధిపతులను వెంటేసుకుని బీజింగ్ వెళ్లి వందల కోట్ల డాలర్ల ఒప్పందాలు చేసుకొచ్చాడు.

ఇదెందుకిలా జరిగింది? అంకెలు చూస్తే చైనాయే భయపడాలి. 1993లో అమెరికా చైనా నుంచి 31.5 బిలియన్ డాలర్ల సరుకు కొంది, చైనాకు అమ్మింది 8.8 బిలియన్లు. హోదా పోతే ఎక్కువ నష్టం ఎవరికి? కాగితం మీద చైనాకే. చదివేవాళ్లు సాధారణంగా ఇక్కడే ఆగిపోతారు. మిల్లులో పనిచేసినవాడిగా నాకు వేరేగా కనిపిస్తుంది. మార్చి 31 లోపు స్టాకు దించుకోవాలని మన మిల్లుకు ఉన్నట్టు కొనేవాడికి తెలిసిందనుకోండి, వాడు మార్చి 28 దాకా ఫోనే ఎత్తడు. గడువు పెట్టింది క్లింటన్. ఆ గడువు ఉరితాడై బిగిసింది కూడా ఆయనకే. ఒలింపిక్స్ ఓటింగ్ ముందు చైనా వెయ్‌ను వదిలింది ఎందుకంటే అక్కడ గడువు చైనాది. హోదా విషయంలో గడువు అమెరికాది.

ఇంకోటి, అమెరికా ప్రభుత్వం రెండు నోళ్లతో మాట్లాడింది. విదేశాంగ శాఖ ఒకటి చెబుతుంటే, ఆర్థిక, వాణిజ్య శాఖలు హోదా ఎలాగూ పోదన్నట్టు సైగలు చేశాయి. వేరే అమ్మేవాళ్లూ తలుపు దగ్గరే ఉన్నారు. 1993 నవంబర్లో జర్మనీ చాన్సలర్ కోల్ వ్యాపారుల బృందంతో బీజింగ్ వచ్చి ఆర్డర్లు పట్టుకెళ్లాడు. తైవాన్‌కు 60 మిరాజ్ యుద్ధ విమానాలు అమ్మి చైనా కోపానికి గురైన ఫ్రాన్స్, 1994 జనవరిలో ఇకమీదట తైవాన్‌కు ఆయుధాలు అమ్మనని రాసిచ్చి రాజీ పడింది. పక్క కొట్టువాడు తలుపు తీసి ఉండగా నువ్వొక్కడివే షట్టర్ దించితే ఎవరికి నష్టం?

వెయ్ సంగతి మిగిలింది. 1995 డిసెంబర్లో మళ్లీ 14 ఏళ్లు వేశారు. 1997 అక్టోబర్ చివర్లో చైనా అధ్యక్షుడు జియాంగ్ జెమిన్ అమెరికా వెళ్లి దాదాపు 3 బిలియన్ డాలర్లకు 50 బోయింగ్ విమానాలు కొన్నాడు. నవంబర్ 16న వెయ్‌ను జైలు నుంచి తీసుకొచ్చి విమానం ఎక్కించారు. దిగింది డెట్రాయిట్‌లో, అక్కణ్నుంచి ఆసుపత్రికి. 1998 ఏప్రిల్లో తియానన్మెన్ విద్యార్థి నాయకుడు వాంగ్ డాన్‌ను అలాగే పంపేశారు. జూన్‌లో క్లింటన్ బీజింగ్ వెళ్లాడు. వెయ్ లాంటి మనిషి బతికి బయటపడటం చిన్న విషయమని నేననను. కానీ బయటపడ్డాక వాళ్లకు సొంత దేశంలో నోరు లేదు. చైనా లెక్కలో అది లాభమే.

2000లో ఏటేటా తలనొప్పి పూర్తిగా తీసేశారు. దిగువ సభ మే 24న 237-197తో, సెనేట్ సెప్టెంబర్ 19న 83-15తో శాశ్వత హోదా ఇచ్చాయి. మానవ హక్కుల మీద కన్నేసి ఉంచడానికి ఒక కమిషన్ పెట్టారు, అది ఏటా నివేదిక రాస్తుంది. 2001 డిసెంబర్ 11న చైనా ప్రపంచ వాణిజ్య సంస్థలో చేరింది. వ్యాపారం పెరిగితే స్వేచ్ఛ దానంతటదే వస్తుందన్నది అప్పటి వాదన. చైనా ఇంటర్నెట్‌ను కట్టడి చేయడమంటే జెల్లీని గోడకు మేకుతో కొట్టడమే అని 2000 మార్చిలో క్లింటన్ నవ్వించాడు. మేకు బాగానే దిగింది.

రష్యాకు జాక్సన్-వానిక్ ఎప్పుడు పోయిందో తెలుసా? 2012లో! వలసలకు అడ్డు లేకుండా పోయి అప్పటికి 20 ఏళ్లు. ఒకసారి పెట్టిన ఆంక్ష తీయాలంటే ఇంకేదో చేతికి రావాలి. ఆ ఆగస్టులో రష్యా ప్రపంచ వాణిజ్య సంస్థలో చేరింది, పాత చట్టం ఉంటే అమెరికన్ కంపెనీలకే నష్టం. అందుకని దాన్ని తీసేస్తూ, అదే బిల్లులో మాగ్నిట్‌స్కీ చట్టం కలిపారు. పన్నుల మోసాన్ని బయటపెట్టి 2009 నవంబర్లో మాస్కో జైల్లో చనిపోయిన సెర్గెయ్ మాగ్నిట్‌స్కీ పేరు అది. దేశం మొత్తాన్ని కాకుండా, ఆ చావుతో సంబంధమున్న అధికారుల వీసాలు, ఆస్తుల మీద దెబ్బ. అమెరికన్లు రష్యా పిల్లలను దత్తత తీసుకోకుండా మాస్కో నిషేధం పెట్టి బదులిచ్చింది. పెద్దల గొడవలో అనాథాశ్రమాల పిల్లలు ఇరుక్కున్నారు.

ఎదుటి పక్షం కూడా వ్యాపారాన్ని ఇలాగే వాడుతుంది, ఇంకా నేర్పుగా. 2010 అక్టోబర్ 8న చైనా జైల్లో ఉన్న అసమ్మతి రచయిత లియు షియావోబోకు నోబెల్ శాంతి బహుమతి ప్రకటించారు. ఇచ్చింది ఓస్లోలోని కమిటీ, నార్వే ప్రభుత్వం కాదు. అయినా చైనా నార్వే మీద పడింది. ప్రకటించిన ఆంక్ష ఒక్కటీ లేదు. సాల్మన్ చేపలకు రేవులో తనిఖీలు మాత్రం ఎక్కువయ్యాయి. తాజా చేప తనిఖీ కోసం నాలుగు రోజులు ఆగితే ఏమవుతుందో విశాఖ రేవులో రొయ్యలు ఎక్కించేవాళ్లను అడగండి. చైనా మార్కెట్లో తొంభై శాతం దాకా ఉన్న నార్వే సాల్మన్ వాటా కుప్పకూలింది. ఆరేళ్ల తర్వాత, 2016 డిసెంబర్ 19న, చైనా ముఖ్య ప్రయోజనాలను తాము ఎంతో గౌరవిస్తామని నార్వే ప్రకటన ఇచ్చాకే సంబంధాలు బాగుపడ్డాయి. మరుసటి జూలైలో లియు ఖైదీగానే చనిపోయాడు.

ట్రంప్ సంగతి ఒక్క మాటలో. 2020 జనవరిలో చైనాతో మొదటి దశ వాణిజ్య ఒప్పందం చేసుకున్నాడు, అందులో మానవ హక్కుల ఊసే లేదు. ఉయిగర్ ముస్లింలు ఉండే చైనా పశ్చిమ ప్రాంతం షిన్‌జియాంగ్‌లో వాళ్లను అణచివేస్తున్న అధికారుల మీద ఆంక్షలు ఎందుకు ఆలస్యం చేశారని అడిగితే, పెద్ద వాణిజ్య ఒప్పందం మధ్యలో ఉన్నాం కదా అని ఆ జూన్‌లో ఒక ఇంటర్వ్యూలో దాచుకోకుండా చెప్పాడు. కనీసం నాటకం ఆడలేదు. 2025 ఏప్రిల్లో సుంకాలను 145 శాతం దాకా తీసుకెళ్లినప్పుడూ మాట్లాడింది వాణిజ్య లోటు గురించి, ఫెంటానిల్ అనే మత్తుమందు గురించి.

ఇక నా టేబుల్ దగ్గరికి వస్తాను. ఎందుకంటే అసలు మార్పు వచ్చింది ఇక్కడే, పరీక్షల పుస్తకాల్లో ఇది సరిగ్గా రాయరు.

1930 నాటి అమెరికా సుంకాల చట్టంలో 307వ సెక్షన్ ఒకటుంది. బలవంతపు కూలీతో చేసిన సరుకు రానివ్వకూడదు అని. కాకపోతే, దేశంలో అవసరానికి సరిపడా తయారు కాని సరుకైతే రానివ్వొచ్చని మినహాయింపు ఉండేది. 2016లో ఆ మినహాయింపు తీసేశారు. 2021 జనవరిలో షిన్‌జియాంగ్ పత్తి, టమాటా ఉత్పత్తులను ఆపారు. డిసెంబర్ 23న బైడెన్ ఉయిగర్ బలవంతపు శ్రమ నిరోధక చట్టం మీద సంతకం చేశాడు. 2022 జూన్ 21 నుంచి అమలు. షిన్‌జియాంగ్‌లో పూర్తిగా గానీ కొంత గానీ తయారైన ఏ సరుకైనా బలవంతపు కూలీతో చేసిందే అని ముందే అనుకుంటారు. కాదని నిరూపించుకోవాల్సింది దిగుమతిదారు. నేరం రుజువు చేసే పని పోలీసుది కాకుండా, నిర్దోషినని చూపించుకునే పని ముద్దాయిది అన్నమాట.

చైనా పత్తిలో ఐదింట నాలుగు వంతుల పైగా, ప్రపంచ పత్తిలో దాదాపు ఐదో వంతు షిన్‌జియాంగ్‌దే. అది చైనాలో నూలై, వియత్నాంలోనో బంగ్లాదేశ్‌లోనో చొక్కా అయి అమెరికా చేరుతుంది. కాబట్టి చైనాతో సంబంధమే లేని మనల్ని కూడా కాగితాలు అడగడం మొదలుపెట్టారు.

2022 వర్షాకాలంలో మా దగ్గర నూలు కొనే బంగ్లాదేశ్ అల్లికల ఫ్యాక్టరీ నుంచి పన్నెండు పేజీల ఫారం వచ్చింది. మీ నూలులోని పత్తి ఏ పొలంలో పండింది అనేది మొదటి ప్రశ్న. మన దగ్గర పత్తి ఎలా వస్తుందో తెలిసినవాడు అడిగే ప్రశ్న కాదది. రైతు ట్రాలీ ఆటోలోనో ట్రాక్టర్లోనో యార్డుకు తెస్తాడు, కాటా వేస్తారు, చీటీ ఇస్తారు, జిన్నింగ్ మిల్లులో కుప్ప పోస్తారు. ఒక కుప్పలో యాభై మంది రైతుల పత్తి. సత్తెనపల్లిదీ అచ్చంపేటదీ అక్కడే కలిసిపోతాయి. ప్రెస్సయ్యాక 170 కిలోల బేలు, దాని మీద లాట్ నంబరు, పీఆర్ నంబరు (ప్రెస్సులో బేలుకు వేసే వరస నంబరు). మిల్లుకొచ్చాక ఒక్కో మిక్సింగ్‌లో ముప్పై, నలభై బేళ్లు పక్కపక్కన పరిచి, పత్తిని విప్పి శుభ్రం చేసే బ్లోరూమ్‌కి ఎక్కిస్తారు. అందులో నుంచి ఒక కోన్ నూలు తీసి ఇది ఫలానా పొలానిది అని ఏ దేవుడూ చెప్పలేడు. బేలు నంబరు దాకా మాత్రం వెనక్కి వెళ్లొచ్చు, మిక్సింగ్ రిజిస్టర్ సరిగ్గా రాసి ఉంటే.

మా రిజిస్టర్ సరిగ్గా లేదు. రెండు నెలల పేజీల్లో పీఆర్ నంబర్ల చోట 'పైదే' అని ఉంది. నేనూ స్టోర్స్ కుర్రాడూ మూడు రాత్రులు కూర్చుని జిన్నింగ్ మిల్లుల బిల్లులతో సరిచూసి పట్టిక తయారుచేశాం. ఫోన్లో ఒక జిన్నింగ్ మేనేజర్‌కు, షిన్‌జియాంగ్ పత్తి కాదని ఉత్తరం కావాలండీ అంటే, "షిన్‌జియాంగ్ అంటే ఏ మండలం సార్?" అన్నాడు. నవ్వుకున్నాం గానీ ఆ నెలంతా టెన్షనే. కంటైనర్ అమెరికా రేవులో ఆపితే దిగుమతిదారుకు కాగితాలు పెట్టుకోవడానికి 30 రోజులు. ఆ లోపు మన పట్టిక చేరకపోతే చొక్కాలు వెనక్కి, మన డబ్బు ఇరుక్కుపోవడం.

అంటే 1994లో ఏం చేయలేకపోయారో దాన్ని ఇప్పుడు వేరే దారిలో పట్టుకున్నారు. దేశాన్ని కాకుండా బేలును పట్టుకున్నారు. అధ్యక్షుడు మనసు మార్చుకున్నా రేవులో కస్టమ్స్ ఆఫీసర్ చట్టం ప్రకారం కంటైనర్ ఆపుతాడు. ఇది పాతదానికన్నా గట్టి పద్ధతని నా ఉద్దేశం. దీనివల్ల ఉయిగర్ కూలీ బతుకు మారిందా అంటే, ఆ పత్తి అమెరికా తప్ప మిగతా చోట్లకు పోతుంది, అంతే. చైనా కూడా ఊరుకోలేదు. షిన్‌జియాంగ్ పత్తి వాడం అన్నందుకు 2021 మార్చిలో హెచ్ అండ్ ఎం పేరు చైనా ఆన్‌లైన్ షాపుల్లో వెతికినా దొరక్కుండా చేశారు. 2025 ఫిబ్రవరిలో కాల్విన్ క్లెయిన్, టామీ హిల్‌ఫిగర్ బ్రాండ్ల మాతృసంస్థ పీవీహెచ్‌ను 'నమ్మదగని సంస్థల' జాబితాలో పెట్టారు. అమెరికా చట్టం ఆ పత్తి కొనొద్దంటుంది, కొనకపోతే చైనా శిక్షిస్తుంది.

ఇక ఇండియా. 2022 అక్టోబర్ 6న జెనీవాలో ఐరాస మానవ హక్కుల మండలి షిన్‌జియాంగ్ మీద చర్చ జరపాలా వద్దా అని ఓటు వేసింది. చర్చ జరపడానికే, తీర్మానానికి కూడా కాదు. 17 మంది సరేనన్నారు, 19 మంది వద్దన్నారు, 11 మంది తటస్థం. వద్దన్నవాళ్లలో పాకిస్థాన్, ఇండోనేసియా, ఖతార్ ఉన్నాయి, అవతల ఉన్నది ముస్లిం జనాభా అయినా. తటస్థుల్లో మనం. గల్వాన్ జరిగి రెండేళ్లు, అయినా మనం చైనాకు వ్యతిరేకంగా చెయ్యెత్తలేదు. మరుసటి రోజు విదేశాంగ శాఖ ప్రతినిధి, షిన్‌జియాంగ్ ప్రజల హక్కులను గౌరవించాలని ఒక మాట అన్నారు. ఒక దేశాన్ని వేలెత్తి చూపే తీర్మానాలు పనికిరావన్నది మన పాత వైఖరి అని కూడా అన్నారు.

ఆ పాత వైఖరి ఎక్కణ్నుంచి వచ్చిందో చూడాలంటే మళ్లీ 1994 మార్చికే వెళ్లాలి. క్రిస్టొఫర్ బీజింగ్‌లో దిగడానికి రెండు రోజుల ముందు, మార్చి 9న, జెనీవాలోనే కాశ్మీర్ మానవ హక్కుల మీద పాకిస్థాన్ పెట్టిన తీర్మానం వెనక్కి పోయింది. మన ప్రధాని పీవీ నరసింహారావు గారు ప్రతిపక్ష నాయకుడు వాజపేయి గారిని బృందానికి నాయకుడిగా పంపారు. చివరికి పాకిస్థాన్‌కు నచ్చజెప్పి వెనక్కి తగ్గేలా చేసినవాళ్లలో ఇరాన్‌తో పాటు చైనా ఉంది. మన మీద వేలు లేవకుండా ఆపినవాడి మీద మనం వేలెత్తడం కష్టం. రేపు మన మీద ఎత్తితే ఎవరు ఆపుతారన్న భయమూ ఉంటుంది. సరైనదా కాదా అంటే నాకు ఇబ్బందిగానే ఉంటుంది, కానీ కారణం మాత్రం ఇది.

ఇబ్బంది ఎందుకంటే మన పత్తికీ ఒక కథ ఉంది. బలవంతపు కూలీ, బాల కార్మికులతో చేసే సరుకుల జాబితాను అమెరికా కార్మిక శాఖ 2009లో మొదటిసారి వేసింది. అందులో ఇండియా పేరు కింద హైబ్రిడ్ పత్తి విత్తనం ఉంది. అది మన నంద్యాల, గద్వాల వైపు పండేదే. సీడ్ పత్తి చేలల్లో సాయంత్రం మొగ్గలు విప్పి మగ భాగం గోళ్లతో గిల్లేసి, మర్నాడు పొద్దున్నే వేరే చెట్టు పుప్పొడి తెచ్చి ఒక్కో పువ్వుకూ రాయాలి. క్రాసింగ్ అంటారు. వేల పువ్వులు, నెలల తరబడి. చిన్న చేతులైతే పువ్వు నలగదని, చెట్టు ఎత్తుకు పిల్లలైతే సరిపోతారని బడి మాన్పించి ఆడపిల్లలను పెట్టేవాళ్లు. ఒకప్పుడు అక్కడి నుంచి జిన్నింగ్‌కు వచ్చే లారీ డ్రైవర్లు చెబితే విన్నాను, తర్వాత ఒకసారి వెళ్లి కళ్లారా చూశాను కూడా. సంఘాలు, ప్రభుత్వం వెంటపడ్డాక మునుపటంత లేదంటారు.

ఆ పన్నెండు పేజీల ఫారంలో పొలం అడిగారు, జిన్నింగ్ అడిగారు, బేలు నంబరు అడిగారు. విత్తనం ఎక్కడ తయారైందో అడిగే గడి లేదు. యూరప్ కొత్త నిబంధన 2027 డిసెంబర్ 14 నుంచి అమల్లోకి వస్తుంది. అది ఏ దేశమని చూడదు, ఎక్కడ బలవంతపు కూలీ ఉన్నా సరుకు ఆపుతుంది. ఆ ఫారం నేనింకా చూడలేదు. స్టోర్స్ కుర్రాడికి మాత్రం, పీఆర్ నంబర్ల పక్కన విత్తనం కంపెనీ పేరు కూడా రాసుకుంటూ ఉండమని చెప్పాను.